ఆలుగడ్డ డొప్పలు

తొక్కలు చుట్టాలకు పెడతారా ఎవరైనా? చెప్పండి, మీ ఇంటికి వచ్చినవాళ్ళకు మీరు పెడతారా? నాకు బుద్ధి తెలిసినప్పటి నుంచి ఆలుగడ్డ తొక్క అంటే బర్రె కుడితిలో పడేసేదే. అలాంటిది ఆ రోజు తుకారాం సేటు ఇంట్లో లోపలి గడ్డ తోడేసి, తొక్కను కరకరలాడేటట్టు వేయించి, బొంబాయి నుంచి వచ్చిన మనుషులకు వెండి పళ్ళెంలో పెట్టమన్నారు. పెట్టాను. ఈ చేతులతోనే చేసి పెట్టాను. ఆర్మూరులో నన్ను ఇప్పటికీ కొందరు తిండిపోతు భాగ్యవ్వ అంటారు, కొందరు కొంపలు ముంచిన భాగ్యవ్వ అంటారు. అననీ. అన్నవాళ్ళ నోళ్ళే నొప్పి పుడతాయి.

చైనా యుద్ధం అయిన మరుసటి ఏడు అది. శివరాత్రి దాటింది. నేను తుకారాం సేటు ఇంట్లో వంట చేసేదాన్ని. ఆయన పసుపు అడ్తిదారు. పెర్కిట్, జక్రాన్‌పల్లి రైతులు పసుపు కొమ్ములు ఉడకబెట్టి, ఎండబెట్టి, బండ్లమీద తెచ్చి ఆయన గోదాములో పోసి పోతారు. బొంబాయి సేట్లు వచ్చి కొంటేనే రైతుల చేతిలో నాలుగు పైసలు పడేది. ఆ ఏడు ధర పడిపోయింది. ఎవడూ రాలేదు. గోదాము కప్పుదాకా నిండింది. రైతులు రోజూ వచ్చి, సేటు ఇంటి ముందు అరుగుమీద కూర్చొని, ఒకరి మొహం ఒకరు చూసుకొని పోయేవాళ్ళు.

ఆ పసుపులో మా తమ్ముడు భూమయ్య పంట కూడా ఉంది. నా మొగుడు జ్వరంతో పోయిన నెలకే అత్తగారు నా మూట వాకిట్లో పెడితే, పెర్కిట్ నుంచి బండి కట్టుకొని వచ్చి నన్ను తీసుకుపోయినవాడు వాడు. వాడి పెళ్ళాం గంగామణి మూతి ముడుచుకుంది, అది వేరే సంగతి. ఆ పంట అమ్ముడుపోకుంటే అప్పుల కింద వాడి పొలం పోతుంది. పోతే కూలికి పోవాల్సిందే. ఇదంతా తెలిసే నేను పొయ్యి ముందు కూర్చున్నాను.

చివరికి ఒక బొంబాయి సేటు వస్తున్నాడని కబురొచ్చింది. పెళ్ళాన్ని, బిడ్డను వెంటేసుకొని, నిజామాబాదు నుంచి మోటారులో, శుక్రవారం సాయంత్రం వస్తున్నాడట. తుకారాం సేటు రైతులందరినీ పిలిచి చెప్పాడు.

"ఆయన నవ్వుకుంట పోతే మీ పసుపు అమ్ముడువాయె. మూతి ముడుచుకొని పోతే ఇగ మీ పసుపు మీ నెత్తికే రుద్దుకోన్రి."

శుక్రవారం పొద్దున్నే మా తమ్ముడు వంటింటి వెనక తలుపు దగ్గరికి వచ్చాడు. రాత్రంతా నిద్రపోనట్టు కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"అక్కా, జర మంచిగ చేయి" అన్నాడు. "నీ చేతులనే ఉన్నది."

"ఫికర్ చెయ్యకు పో. తిన్నోడు వేళ్ళు గూడ నాకాలె" అన్నాను. మాట అన్నాను గాని నాకు గుండెలో రాయి పడింది. ఏం చేయాలో సేటు పెళ్ళాం నీలవ్వ అప్పటికే చెప్పింది మరి. బొంబాయి సేటు పెళ్ళాం పోయినసారి వచ్చినప్పుడు మాటల్లో అన్నదట, వాళ్ళ ఊళ్ళో పెద్ద పార్టీల్లో అన్నానికి ముందు ఆలుగడ్డ డొప్పలు చేతికిస్తారని. నీలవ్వ ఆ మాట పట్టుకుంది.

"తొక్కలా అమ్మా? మనుషులకా?" అన్నాను.

"నోర్ముయ్యే. బొంబాయిల దొరలు గదే తింటరంట."

"తింటే తిననీ. రేపు చిక్కుడుకాయ ఈనెలు గూడ తింటరు."

నీలవ్వ నవ్వాపుకోలేక కొంగు అడ్డం పెట్టుకుంది. చెడ్డది కాదు ఆమె. కానీ వంటకం సగమే తెలుసు. ఉడకబెట్టాలి, రెండుగా కోయాలి, లోపలిది తోడాలి, డొప్ప వేయించాలి, తోడిందాన్ని మసాలాతో మళ్ళీ నింపాలి. ఎంత ఉడకాలి, ఎంత తోడాలి అంటే, "గవన్నీ నాకేం ఎర్క, నువ్వు వంటదానివి గాదా?" అంది.

మొదటి వాయి నాశనమైంది. కూరకు ఉడకబెట్టినట్టే మెత్తగా ఉడకబెట్టాను. చెంచా పెట్టి తోడబోతే డొప్ప చీలి గుజ్జు చేతికొచ్చింది. ఒకటి కాదు, అన్నీ అంతే. బర్రెకు పండగైంది. ఉన్న గడ్డల్లో సగం అయిపోయాయి, అంగట్లో అడిగితే మళ్ళీ నిజామాబాదు నుంచి వస్తేనే అన్నారు. ఒళ్ళంతా చెమటలు పట్టాయి నాకు. దేవుడా, నా తమ్ముడి పొలం ఈ తొక్కల్లో పెట్టినవా అని పొయ్యి ముందే ఏడ్చాను.

కళ్ళు తుడుచుకొని రెండో వాయి మొదలుపెట్టాను. ఈసారి సగం పలుకు ఉండగానే దించాను. చల్లారనిచ్చాను. వేలు మందం గడ్డ తొక్కకు ఉంచి తోడాను. డొప్పలు నిలబడ్డాయి! వాటికి లోపలా బయటా ఉప్పు, పసుపు, ఇంత శనగపిండి కలిపి రుద్దితే నూనెలో కరకరలాడతాయని నాకే తోచింది. పసుపు డబ్బా తీసి చూస్తే అడుగు కనిపిస్తోంది. నీలవ్వ చుట్టాలొస్తున్నారని ఉన్నదంతా తీసి గడపలకు పూసింది.

పసుపు లేకపోవడం ఏమిటి, ఆర్మూరులో! ఈ ఊళ్ళో పసుపు కొనుక్కున్నవాళ్ళను నేను చూడలేదు. కావాలంటే ఎవరి కుప్పలోనైనా చెయ్యి పెట్టి గుప్పెడు తీసుకుంటాం, ఎవరూ ఏమనరు. వంటింటి గోడ అవతలే గోదాము. చిన్న తలుపు తీసుకొని పోయాను. అక్కడ కొమ్ములకు మెరుగు పెట్టే ఇనుప డ్రమ్ము ఉంటుంది. దాన్ని తిప్పే ఎంకటి అన్నానికి పోయినట్టున్నాడు. డ్రమ్ము పక్కన ఒక తట్టలో మెత్తటి పొడి ఉంది, చూస్తే కళ్ళు జిగేల్‌మన్నాయి. బొంబాయాయనకు చూపించడానికి మేలురకం దంచి పెట్టించాడు సేటు అనుకున్నాను. నా తమ్ముడి కోసం మేలుదే వాడదామనుకొని గుప్పిట నిండా తెచ్చుకున్నాను.

వాసన చూడలేదా అని అడుగుతారు మీరు. గోదాము పక్కన బతికేవాళ్ళకు గాలే పసుపు, బట్టలే పసుపు, తాగే నీళ్ళే పసుపు. చేతిలో ఉన్నదానికి వాసన లేదని ఎట్లా తెలుస్తుంది?

ఆ పొడి రుద్ది, కాగిన పల్లినూనెలో వేస్తే డొప్పలు బంగారు గిన్నెల్లా తేలాయి. ఒకసారి తీసి, చల్లార్చి, మళ్ళీ వేశాను. గోటితో కొడితే టకటకమన్నాయి. తోడిన గడ్డలో ఉల్లిగడ్డ, పచ్చిమిర్చి, కొత్తిమీర, దంచిన పల్లీలు కలిపి నింపాను. నీలవ్వ చూసి, "భాగ్యవ్వా, నీ చేతికి దండం పెట్టాలె" అంది. అంతలోనే మోటారు వచ్చిన చప్పుడైంది. ఆమె పళ్ళెం ఎత్తుకొని ముందు గదిలోకి పోయింది.

నాకు ఎంత సంతోషమైందో! అరుగు దగ్గర రైతుల మధ్య మా తమ్ముడు నిలబడి ఉంటాడు, వాడికి సైగ చేద్దామనుకున్నాను. అంతకుముందు పాన్‌లు కట్టే పని మిగిలింది. తమలపాకులు తుడిచి, సున్నం డబ్బాలో వేలు ముంచి, ఆకుకు రాయబోయాను.

నా వేలు పచ్చగానే ఉంది.

పసుపు మీద సున్నం పడితే ఏమవుతుందో మా ఊళ్ళో చంటిపిల్లను అడిగినా చెబుతుంది. ఎర్రగా, పారాణిలా అవ్వాలి. కాలేదు. ఇంకో వేలు ముంచాను. అరచేతికంతా సున్నం రుద్దాను. పచ్చగా, మొండిగా అట్లాగే ఉంది. అప్పుడు తెలిసింది నాకు, అది పసుపు కాదని.

డ్రమ్ములో కొమ్ములు తిరిగేటప్పుడు ఒక రంగు చల్లుతారు, పాత సరుకు కూడా కొత్తదానిలా మెరవాలని. సంచుల్లో రావడం చూశాను గాని ఆ సంచి విప్పగా నేనెప్పుడూ చూడలేదు. పోయిన ఎండాకాలం ఎంకటి మేక ఆ ఖాళీ సంచి నాకి, సాయంత్రానికి కాళ్ళు కొట్టుకొని చచ్చింది. ఎంకటి కూడా మూతికి గుడ్డ కట్టుకొనే డ్రమ్ము తిప్పుతాడు, అయినా కడుపునొప్పి అని మెలికలు తిరుగుతుంటాడు. అమ్మా! ఆ విషాన్ని నేను చేతులారా రుద్ది, వేయించి, పళ్ళెంలో పెట్టి పంపాను!

పరుగెత్తాను. ముందు గదిలోకి నేను పోకూడదు, నా స్థానం వంటిల్లే. తలుపు దగ్గర నిలబడి నీలవ్వకు చేతులూపాను. పో అన్నట్టు కళ్ళురిమింది. వసారాలో తుకారాం సేటు డ్రైవరుకు ఏదో చెబుతుంటే కాళ్ళ మీద పడ్డంత పని చేశాను.

"సేటూ, గది పసుపు కాదు. డొప్పలకు రంగు పెట్టిన. గోదాముల రంగు. ఎర్కలేక చేసిన. తినొద్దని చెప్పు!"

ఆయన మొహంలో నెత్తురు చుక్క లేదు. లోపలికి చూశాడు, నన్ను చూశాడు. మీసం మీద చెమట తుడుచుకున్నాడు.

"నోర్మూయ్" అన్నాడు పళ్ళ సందుల్లోంచి. "రంగు అన్న మాట ఆయన చెవుల పడ్డదా, నేను సచ్చిన. నీ తమ్ముడు సచ్చిండు. ఒక్క ముక్క తింటే ఏం గాదు."

"మేక సచ్చింది సేటూ!"

"మేక మేకే. పో, లోపలికి పో."

నన్ను తోసేసి, నవ్వు మొహం పెట్టుకొని గదిలోకి పోయి కూర్చున్నాడు. నీలవ్వ పళ్ళెం ముందుగా ఆయన ముందే పెట్టింది. వద్దని చెయ్యి అడ్డం పెట్టాడు. చూశారా? ఏమీ కాదన్నవాడు తాను ముట్టలేదు. పాపం నీలవ్వకు ఏమీ తెలియదు. పళ్ళెం తీసుకుపోయి బొంబాయి వాళ్ళ ముందున్న బల్లమీద పెట్టింది. బొంబాయి సేటు సిగరెట్టు ఆర్పుకుంటున్నాడు. ఆయన పెళ్ళాం ఒళ్ళో కూతురు, ఇంకా పాలపళ్ళు ఊడని పిల్ల, డొప్పలను చూసి రెండు చేతులూ చాపింది.

కొంపలంటుకున్నాయి, ఏం చేయను? అరిస్తే నా తమ్ముడి పొలం పోతుంది. అరవకపోతే ఆ పిల్ల పోతుంది. ఒక్కటే తోచింది నాకు. ఎంగిలి! ఎంగిలి పడ్డ పళ్ళేన్ని పరాయివాళ్ళ ముందు ఎవరూ ఉంచరు. మాట అక్కర్లేదు, రంగు అక్కర్లేదు. నేనొక్కదాన్నే చెడ్డదాన్నవుతాను, సరుకు అమ్ముడుపోతుంది.

గదిలోకి దూకాను. పళ్ళెంలో చెయ్యి పెట్టి, ఒక డొప్ప తీసి కొరికి, కొరికింది మళ్ళీ మిగతావాటి మీద పడేసి, ఇంకోటి నోట్లో కుక్కుకున్నాను. అందరూ చూస్తుండగా నమిలాను. ఎంగిలి వేళ్ళు అన్నిటి మీదా తిప్పాను. నోట్లోది ఉమ్మేద్దామనుకున్నాను గాని, ఉమ్మితే ఎందుకు ఉమ్మిందని అడుగుతారు. మింగేశాను.

నీలవ్వ, "అయ్యో, నీ చేతులు పడిపోనూ!" అని నెత్తి కొట్టుకుంది. తుకారాం సేటు లేచి నా చెంప పగలగొట్టాడు. కొట్టాడు గాని ఆయన కళ్ళలో నేను చూశాను, ప్రాణం లేచొచ్చింది ఆయనకు.

"ఛీ, తిండికి కరువైన ముండ! ఎంగిలి జేసింది. తియ్యి, పళ్ళెం తియ్యి!" అని అరిచాడు.

నీలవ్వ పళ్ళెం ఎత్తింది. ఎత్తి రెండడుగులు వేసింది. అంతే, అయిపోయింది, గండం గడిచింది అనుకున్నాను. చెంప మండుతుంటే కూడా నాకు నవ్వొచ్చింది.

అప్పుడు బొంబాయామె లేచింది. ఎంత మంచి మొహమో ఆమెది! నా భుజం మీద చెయ్యి వేసింది. "మారో మత్. భూకీ హోగీ బేచారీ" అంది. కొట్టొద్దు, ఆకలేసిందేమో పాపం అని. ఎంగిలి గింగిలి తమకు పట్టింపు లేదంటూ నవ్వి, నీలవ్వ చేతిలో పళ్ళెం ఆపి, అడుగున ఉన్న మంచి డొప్ప ఒకటి ఏరి నాకిచ్చింది. ఇంకోటి ఏరి కూతురి చేతిలో పెట్టింది.

ఆమె చెడ్డదైతే బాగుండేది. నన్ను ఛీ కొట్టి ఉంటే ఎంత బాగుండేది!

తుకారాం సేటు వైపు చూశాను. ఆయన కిటికీ వైపు చూస్తున్నాడు. పిల్ల డొప్పను రెండు చేతులతో పట్టుకొని నోటిదాకా తెచ్చింది.

"జహర్!" అని అరిచాను. పిల్ల చేతి మీద కొట్టాను. డొప్ప ఎగిరి గోడకు తగిలింది. "జహర్ హై! విషం! పసుపు కాదు, రంగు. గోదాముల పసుపుకు కొట్టే రంగు!"

పిల్ల కెవ్వుమంది. తల్లి దాన్ని గుండెకు హత్తుకొని, వేలితో నోరంతా గాలించింది. నోట్లో ఏమీ లేదు. బొంబాయి సేటు కింద పడ్డ డొప్ప తీసుకున్నాడు. ఎడమచేత్తో నా చెయ్యి పట్టుకొని చూశాడు, సున్నం, దాని కింద ఎర్రబడని పచ్చ. పుట్టినప్పటి నుంచి పసుపు వ్యాపారంలో ఉన్న మనిషికి ఇంకేం చెప్పాలి? లేచి, చేతిగుడ్డతో వేళ్ళు తుడుచుకొని, తుకారాం సేటుకు నమస్కారమైనా పెట్టకుండా, పెళ్ళాన్ని బిడ్డను తీసుకొని మోటారెక్కాడు. వచ్చిన దారినే దుమ్ము లేపుకుంటూ పోయింది మోటారు.

ఆ తర్వాత నన్ను వాకిట్లోకి ఈడ్చారు. అరుగుమీద రైతులందరూ లేచి నిలబడ్డారు. "అడుగున్రి గీమెను! మీ పసుపును మన్నుల గలిపింది గీమెనే. ఇంక బొంబాయిల ఆర్మూరు పేరు జెప్తే ఒక్కడు కొనడు" అని తుకారాం సేటు గుమ్మంలోంచి అరిచి తలుపు వేసుకున్నాడు.

తప్పు చేసినవాడు తలుపు వేసుకున్నాడు. అందరూ నా మీద పడ్డారు. పొద్దున నాకు రాంరాం చెప్పిన రాజన్న, పండు ముసలివాడు, కర్ర ఎత్తాడు. "నీకేం పోయేకాలమొచ్చిందే? రంగు సంగతి మాకెర్కలేదా? అందరం నోరు మూసుకుంటలేమా?" అన్నాడు. గంగామణి కూడా వచ్చి ఉంది, నా ముందు నేల మీద కూలబడి రొమ్ములు బాదుకుంది.

"ఇంట్ల పెట్టుకొని సాకితే మా నోట్ల మన్ను కొట్టినవు గదనే! నా పిల్లలు ఏం దినాలె?"

అబద్ధం ఒక్కటీ అనలేదు ఆమె. రంగు రైతు వేయడు, అడ్తిదారు వేస్తాడు, పోయింది మాత్రం రైతు పసుపే. నా తమ్ముడి పొలాన్ని ఒక్క మాటతో నేనే అమ్మేసినట్టయింది.

భూమయ్య అందరినీ తోసుకుంటూ వచ్చాడు. వాడి మొహం అట్లా నేనెప్పుడూ చూడలేదు. వచ్చి నా రెండు జబ్బలూ పట్టుకున్నాడు. కొడతాడనుకున్నాను. కొట్టాలనే కోరుకున్నాను.

"కొట్టు తమ్మీ" అన్నాను. "పొలం పోయింది. నా నోటితోనే పోగొట్టిన. కొట్టు."

"నువ్వు తిన్నవా?" అన్నాడు.

నాకు మొదట అర్థం కాలేదు.

"గా డొప్ప నువ్వు గూడ తిన్నవని వెనక తలుపుకాడ చెప్పింది నీలవ్వ. తిన్నవా? మింగినవా?"

"ఒకటి మింగిన."

నన్ను గోడ పక్క నీళ్ళ తొట్టిదాకా ఈడ్చుకుపోయాడు. మెడ వంచి, రెండు వేళ్ళు నా గొంతులోకి పెట్టాడు.

"తమ్మీ, పొలం..."

"పొలం సంగతి తీయకు. కక్కు ముందుగల."

కక్కాను. పచ్చగా వాడి చెయ్యంతా పడింది. వాడు ఆ చెయ్యి కడుక్కోలేదు. వెనక్కి తిరిగి, "గంగామణీ, ఏడ్చుడు బంద్ చేసి ఉప్పునీళ్ళు దే! ఎవరన్న బండి గట్టున్రి, దవాఖానకు పోవాలె" అని అరిచాడు. ఆమె ఏడుస్తూనే లేచింది.

"అయిపోయింది తమ్మీ, ఇంక లేదు" అన్నాను.

"ఉన్నది. ఇంకా ఉన్నది. కక్కు అక్కా" అంటూ, చిన్నపిల్లాడిలా వెక్కుతూ, మళ్ళీ నా నోట్లో వేళ్ళు పెట్టాడు.